ఎనిమిది గంటల ఆవిరి: క్రిస్మస్ పుడ్డింగ్‌ను కేకులా చూస్తే ఎందుకు చెడుతుంది

పొయ్యి మీద పెద్ద గిన్నె. మూత కింద నీళ్లు కుతకుతలాడుతుంటాయి. అడుగున బోర్లించిన పళ్లేనికి లోపలి పింగాణీ గిన్నె తగిలి టకటకమంటూ ఉంటుంది. కిటికీ అద్దాలకు ఆవిరి పట్టి బయట ఏమీ కనిపించదు. నవంబరు చివర్లో ఇంగ్లండ్‌లో పుడ్డింగ్ వండుకునే ఇంట్లో పొద్దున మొదలైన ఈ చప్పుడు సాయంత్రం దాకా ఆగదు. కొందరు నీళ్లలో ఒక గోళీ కూడా వేస్తారు. నీళ్లు తగ్గగానే దాని చప్పుడు మారుతుంది, వెంటనే కెటిల్లోంచి మరిగే నీళ్లు పోస్తారు. ఎనిమిది గంటల పాటు వంటవాళ్లు చేసే పని దాదాపు ఇదొక్కటే.

క్రిస్మస్ అనగానే తెలుగువాళ్లకు గుర్తొచ్చేది ప్లమ్ కేక్. పుడ్డింగ్‌లోకి వెళ్లే సరుకులు చూస్తే అవీ దాదాపు అవే: ఎండు ద్రాక్ష, కిస్మిస్, నారింజ తొక్క, దాల్చినచెక్క, జాజికాయ, నల్లటి చక్కెర, గుడ్లు, రమ్మో బ్రాందీయో. అందుకే చాలామంది దీన్ని ఆవిరి మీద వండిన ప్లమ్ కేక్ అనుకుంటారు. తేడా అంతా ఆ అనుకోవడంలోనే వస్తుంది. కేక్ పొడి వేడిలో కాలుతుంది, పుడ్డింగ్ తడి వేడిలో ఉడుకుతుంది. కొవ్వు రకం, పిండి తక్కువగా పడటం, మూతి కట్టే తీరు, వండాక నెల రోజులు పక్కన పెట్టడం, పండుగ రోజు మళ్లీ ఉడికించడం అన్నీ ఈ ఒక్క తేడా నుంచే వచ్చాయి. కేక్ లెక్కలతో మొదలుపెట్టినవాళ్లకు చివరికి మిగిలేది బంకగా సాగే ముద్ద. తడి వేడి సంగతి అర్థమైనవాళ్లు మొదటిసారికే బాగా చేయగలరు.

పేగు నుంచి గుడ్డకు

మధ్యయుగాల ఇంగ్లండ్‌లో ఇది గిన్నెలో పోసుకుని తాగే జావ. గొడ్డు మాంసమో పొట్టేలు మాంసమో ఉడికిన నీళ్లలో రొట్టె పొడి వేసి చిక్కబరిచి, ఎండు పండ్లు, మసాలా దినుసులు, వైన్ కలిపేవాళ్లు. దాన్ని ప్లమ్ పాటేజ్ అనేవాళ్లు. దాన్ని భోజనం చివర్లో కాకుండా మొదట్లోనే వడ్డించేవాళ్లు. అప్పటికి ఉప్పు వంటకం వేరు, తీపి వంటకం వేరు అన్న గీత ఇంకా గట్టిగా పడలేదు. ప్లమ్ అన్న మాట కూడా తికమక పెడుతుంది. ఆ రోజుల్లో ఎండు ద్రాక్షను, అలాంటి ఎండు పండ్లను కలిపి ప్లమ్ అనేవాళ్లు. ప్లమ్ పుడ్డింగ్‌లోనూ, ఇక్కడి ప్లమ్ కేకులోనూ ప్లమ్ పండు వెతికితే దొరకకపోవడానికి కారణం అదే.

పుడ్డింగ్ అన్న మాటకు మొదటి అర్థం వేరు. పశువును కోసినప్పుడు దాని పేగులోనో పొట్టసంచిలోనో రక్తం, కొవ్వు, ధాన్యం కూరి నీళ్లలో ఉడికించినదే పుడ్డింగ్. బ్లాక్ పుడ్డింగ్, స్కాట్లాండ్ వాళ్ల హాగిస్ ఇప్పటికీ ఆ వంశానివే. అంటే పుడ్డింగ్ తినాలంటే ముందు పశువును కోయాలి, ఆ పేగు తాజాగా ఉండాలి. 17వ శతాబ్దంలో ఆ పేగు స్థానంలోకి నూలు గుడ్డ వచ్చింది. మాట చిన్నదే కానీ మార్పు పెద్దది. గుడ్డ ఎప్పుడూ ఇంట్లో ఉంటుంది, ఉతికి మళ్లీ వాడుకోవచ్చు, ఎంత పెద్ద ముద్దనైనా అందులో కట్టవచ్చు. గుడ్డలో మూటకట్టి నీళ్లలో వేలాడదీసిన పిండి ఉబ్బి గుండ్రంగా తయారవుతుంది. పాత బొమ్మల్లో కనిపించే ఫిరంగి గుండు లాంటి పుడ్డింగ్ ఆకారాన్ని ఎవరూ కూర్చుని ఆలోచించింది కాదు. మూట ఎలా ఉబ్బితే అలా వచ్చిన ఆకారం అది. స్కాట్లాండ్‌లో ఈ పద్ధతి క్లూటీ డంప్లింగ్ పేరుతో ఇంకా నడుస్తోంది. వాళ్ల మాటలో క్లూట్ అంటే గుడ్డ.

దీన్ని కాల్చకుండా ఉడికించడానికి అసలు కారణం పేదరికం. ఇంగ్లండ్‌లో మామూలు కుటుంబాలకు ఒవెన్ ఉండేది కాదు. ఒక నిప్పు, ఒక పెద్ద పాత్ర ఉండేవి. పండుగకు బాతునో గూస్‌నో కాల్చుకోవాలంటే బేకరీకి పంపి అక్కడి పొయ్యిలో కాల్పించుకునేవాళ్లు. పుడ్డింగ్‌కు ఆ అవసరం లేదు. బట్టలు ఉడకబెట్టే రాగి బాయిలర్‌ను కడిగి, అందులోనే పుడ్డింగ్ మూటను వేసేవాళ్లు. ఉడికిన గుడ్డ వాసనకు మసాలా వాసన కలిసి ఇల్లంతా నిండేది. రాజుల విందుల్లో కనిపించినా ఈ వంట పుట్టింది ఒవెన్ లేని ఇళ్ల కోసం.

పుడ్డింగ్ చరిత్ర గురించి రెండు మాటలు ఎక్కడ చదివినా కనిపిస్తాయి. 1664లో ప్యూరిటన్లు, అంటే ఆడంబరాలను ఒప్పుకోని కఠిన ప్రొటెస్టెంట్లు, దీన్ని నిషేధించారన్నది ఒకటి. కానీ 1660లోనే రాజు రెండో చార్లెస్ గద్దె ఎక్కాడు, ప్యూరిటన్ల పాలన అప్పటికే ముగిసింది. 1647లో పార్లమెంటు క్రిస్మస్ పండుగనే రద్దు చేసిన మాట మాత్రం నిజం. 1714లో రాజు మొదటి జార్జ్ అడిగి మరీ పుడ్డింగ్‌ను మళ్లీ విందులోకి తెచ్చాడన్నది రెండోది. దానికి ఆ కాలపు ఆధారం ఏదీ లేదు. ఈ కథలు లేకపోయినా పుడ్డింగ్ చరిత్రకు లోటు లేదు, వీటిని వదిలేయడమే మంచిది. గట్టిగా చెప్పగలిగింది 1845 సంగతి. ఆ ఏడు వచ్చిన తన వంట పుస్తకంలో ఎలైజా ఆక్టన్ ఈ వంటకానికి క్రిస్మస్ పుడ్డింగ్ అన్న పేరు అచ్చులో పెట్టారు. అంతకుముందు ఇది ఏ పండుగకైనా, ఏ ఆదివారానికైనా చేసుకునే ప్లమ్ పుడ్డింగ్. విక్టోరియా రాణి కాలంలో ఇది క్రిస్మస్‌కే ముడిపడిపోయింది.

ఇంగ్లండ్ పండుగ వంట అని పేరున్న ఈ పుడ్డింగ్‌లో ఇంగ్లండ్‌లో పండేవి తక్కువే. గోధుమ, గుడ్లు, కొవ్వు, ఆపిల్, బీరు వాళ్లవి. మిగతావన్నీ ఓడ దిగినవే. చిన్నగా నల్లగా ఉండే కరెంట్స్ అనే ఎండు ద్రాక్షకు ఆ పేరే గ్రీసులోని కొరింత్ నుంచి వచ్చింది. సరుకులన్నీ ఇలా బయటి నుంచి వచ్చే సంగతిని బ్రిటిష్ ప్రభుత్వమే 1927లో ప్రచారానికి వాడుకుంది. వలస దేశాల సరుకులు అమ్మించడానికి పెట్టిన ఎంపైర్ మార్కెటింగ్ బోర్డు, రాజు ఐదో జార్జ్ దగ్గర ప్రధాన వంటవాడైన సెడార్ చేత ఎంపైర్ క్రిస్మస్ పుడ్డింగ్ కొలతలు ఇప్పించింది. ద్రాక్ష ఆస్ట్రేలియా, దక్షిణాఫ్రికాలది, లవంగం జాంజిబార్‌ది, రమ్ జమైకాది, బ్రాందీ సైప్రస్‌ది, మసాలా ఇండియాది. ఒక్క గిన్నెలో సామ్రాజ్యం మొత్తాన్ని చూపించాలన్నది వాళ్ల ఆలోచన. ఆ సరుకులు పండించిన కూలీల కష్టం మాత్రం ఆ ప్రకటనల్లో ఎక్కడా కనిపించదు. పుడ్డింగ్ రుచి గురించి మాట్లాడేటప్పుడు ఆ సంగతి మరిచిపోకూడదు.

కొవ్వు, రొట్టె, పండ్లు

పుడ్డింగ్‌లో అన్నిటికంటే ముఖ్యమైనది సూయెట్. పశువు మూత్రపిండాల చుట్టూ ఉండే గట్టి తెల్లటి కొవ్వు అది. వెన్న 35 డిగ్రీల లోపే కరిగిపోతుంది. సూయెట్ కరగడానికి 45 నుంచి 50 డిగ్రీలు కావాలి. తురిమిన సూయెట్ పలుకులు పిండిలో కాసేపు గట్టిగానే నిలుస్తాయి. చుట్టూ పిండి చిక్కబడుతుండగా నెమ్మదిగా కరిగి అందులోకి ఇంకుతాయి, అవి ఉన్న చోట చిన్న చిన్న ఖాళీలు మిగులుతాయి. ఇన్ని పండ్లు, ఇంత చక్కెర ఉన్నా నోట్లో రాయిలా అనిపించకపోవడానికి ఆ ఖాళీలే కారణం. దీనికి ఇంకో వైపు కూడా ఉంది. చల్లారగానే సూయెట్ గడ్డకట్టి అంగిలికి మైనంలా అంటుకుంటుంది. అందుకే ఈ పుడ్డింగ్‌ను వేడివేడిగానే తినాలి. చల్లటి ముక్క తిని బాలేదన్నవాళ్లు అసలు పుడ్డింగ్ రుచి చూడనట్టే.

గొడ్డు కొవ్వు తినని ఇళ్లు తెలుగునాట ఎక్కువ. ఇంగ్లండ్‌లోనూ శాకాహారుల కోసం నూనెతో చేసిన సూయెట్ పలుకులు డబ్బాల్లో దొరుకుతాయి. అవి దొరకని చోట వెన్ననో వనస్పతినో ఫ్రీజర్‌లో రాయిలా గట్టిపడనిచ్చి, పెద్ద కళ్ల తురుముపీట మీద తురిమి, వెంటనే మైదాలో దొర్లించి కలపాలి. కరిగించి పోస్తే ఖాళీలు ఏర్పడవు, పుడ్డింగ్ ముద్దకడుతుంది. వెన్నతో చేసింది సూయెట్‌తో చేసినంత తేలిగ్గా రాదు, కాస్త దగ్గరగా బరువుగా ఉంటుంది. కానీ చల్లారినా మైనంలా అంటుకోదు. మన వాతావరణంలో, మన అలవాట్లకు అది లోటేమీ కాదు.

రెండోది రొట్టె పొడి. మైదా ఒక్కటే వేస్తే తడి తగిలి సాగుతుంది, ఎనిమిది గంటల ఆవిరికి రబ్బరులా అవుతుంది. రొట్టె ఒకసారి కాలిందే కాబట్టి దాని పొడి తడిని పీల్చుకుంటుంది కానీ సాగదు. రెండు రోజులు నిలవున్న బ్రెడ్‌ను అంచులు తీసి మిక్సీలో తిప్పితే చాలు. కొట్టు నుంచి తెచ్చే ఎండబెట్టిన బ్రెడ్ క్రంబ్స్ వద్దు. అవి ఇసుకలా గరగరమంటాయి, గిన్నెలోని తడంతా లాగేస్తాయి.

ఒక లీటరు పైచిలుకు పట్టే గిన్నెకు ఎండు పండ్లన్నీ కలిపి 450 గ్రాములు తీసుకోవాలి. నల్ల కిస్మిస్ సగం ఉంటే మంచిది, మిగతా సగం మామూలు కిస్మిస్, కొంచెం నారింజ తొక్క, నాలుగు బాదం పలుకులు. టూటీఫ్రూటీ వేయకపోవడమే మేలు, అది బొప్పాయి చక్కెర తప్ప రుచి ఇచ్చేది కాదు. పండ్లను ముందురోజు రాత్రే 150 మిల్లీలీటర్ల ద్రవంలో నానబెట్టాలి. ఇంగ్లండ్‌లో బ్రాందీ, రమ్, నల్లటి స్టౌట్ బీరు వాడతారు. మద్యం ముట్టని క్రైస్తవ కుటుంబాలు తెలుగునాట చాలా ఉన్నాయి. వాళ్లకు నారింజ రసం కంటే పాలు లేని చిక్కటి టీ డికాక్షన్ బాగా కుదురుతుంది. టీలోని వగరు ఈ తీపికి పట్టు ఇస్తుంది. నానబెట్టడం మానేస్తే ఎండు పండ్లు వండేటప్పుడు పిండిలోని తడి లాగేసుకుంటాయి, పుడ్డింగ్ పొడిపొడిగా విరుగుతుంది.

మర్నాడు 110 గ్రాముల రొట్టె పొడి, 110 గ్రాముల తురిమిన కొవ్వు, 60 గ్రాముల మైదా, అర చెంచా బేకింగ్ పౌడర్, 175 గ్రాముల నల్ల చక్కెర, చిటికెడు ఉప్పు కలపాలి. నల్ల చక్కెర దొరక్కపోతే మంచి పాతబెల్లం పొడి అంతకంటే తక్కువేం కాదు. తాటిబెల్లం సగం కలిపితే రంగు ఇంకా బాగా వస్తుంది. తర్వాత దాల్చినచెక్క, శొంఠి, జాజికాయ, నాలుగు లవంగాలు అప్పటికప్పుడు దంచి వేయాలి. ఒక ఆపిల్ తురుము, రెండు గుడ్లు, నానిన పండ్లు వాటి ద్రవంతో సహా పడతాయి. ఆపిల్‌కు తోడు ఒక క్యారెట్ తురిమి వేసేవాళ్లూ ఉన్నారు. రెండో ప్రపంచ యుద్ధం రోజుల్లో చక్కెరకు, ఎండు పండ్లకు రేషన్ వచ్చినప్పుడు బ్రిటన్ ఇళ్లలో క్యారెట్‌తోనే తీపి సరిపెట్టుకున్నారు. పిండి జారుగా ఉండకూడదు, గంటెతో ఎత్తి తడితే దభీమని పడాలి. ఈ లెక్కలో పండ్లు కొవ్వుకు నాలుగింతలున్నాయి, మైదా అన్నిటికంటే తక్కువ. పిండి ఇక్కడ పండ్లను పట్టి ఉంచే జిగురు మాత్రమే.

వాసెన కట్టడం

గిన్నె మూతి కట్టడం గురించి ఇంగ్లిష్ వంట పుస్తకాలు పేజీలకు పేజీలు రాస్తాయి. తెలుగులో దానికి ఒక్క మాట చాలు: వాసెన. కుండలో నీళ్లు పోసి మూతికి తడిగుడ్డ బిగించి, దాని మీద పిండి పరిచి ఆవిరికి ఉడికించడం ఇక్కడ తరాల నాటి పద్ధతి. వాసెనపోలు ఆ పేరుతోనే ఉన్నాయి. ఆవకాయ జాడీకి కూడా వాసెనే కడతాం. ఇడ్లీ, ఆవిరి కుడుము, కోనసీమ పొట్టిక్క తిన్నవాళ్లకు ఆవిరి వంట గురించి కొత్తగా చెప్పాల్సింది తక్కువ. పుడ్డింగ్‌లో తేడా ఏమిటంటే, ఇక్కడ వాసెన లోపలికి ఆవిరి రానివ్వడానికి కాదు, రాకుండా ఆపడానికి. పిండికి కావలసింది వేడి ఒక్కటే, నీరు చుక్క కూడా తగలకూడదు.

పింగాణీ గిన్నె గానీ స్టీలు గిన్నె గానీ, లోపల వెన్న రాసి పిండిని గట్టిగా నొక్కి నింపాలి. పైన ఒక అంగుళం ఖాళీ ఉంచాలి. బటర్ పేపర్ మీద ఫాయిల్ పెట్టి, రెండింటికీ కలిపి మధ్యలో ఒక మడత వేయాలి. పుడ్డింగ్ ఉబ్బినప్పుడు ఆ మడత విచ్చుకుంటుంది, లేకపోతే కాగితం చిరిగి నీళ్లు లోపలికి దిగుతాయి. అంచు కింద పురికొసను రెండు చుట్లు చుట్టి బిగించి ముడేయాలి. అదే పురికొసను గిన్నె మీదుగా అటూ ఇటూ కట్టి కాడలా చేసుకుంటే, ఎనిమిది గంటల తర్వాత మరిగే నీళ్లలోంచి ఎత్తడానికి చెయ్యి కాలదు. ఈ కాడ కట్టడం మరిచినవాళ్లకు ఆ చివరి నిమిషం టెన్షన్ ఎలా ఉంటుందో తెలుసు.

పాత పద్ధతిలో గుడ్డలోనే వండాలనుకుంటే కోరా నూలు గుడ్డ కావాలి. దాన్ని మరిగే నీళ్లలో ముంచి, నీళ్లు పిండేసి, వేడిగా ఉండగానే లోపలి వైపు మైదాను ధారాళంగా చల్లి రుద్దాలి. వేడి తడికి ఆ మైదా గంజిలా మారి గుడ్డ కళ్లను పూడుస్తుంది. తర్వాత అదే పుడ్డింగ్ మీద తోలు లాంటి పొరగా నిలుస్తుంది. మూటను కాస్త వదులు ఉంచి కట్టి, తెర్లుతున్న నీళ్లలోనే వేయాలి. చల్లటి నీళ్లలో వేసి వేడి చేస్తే గంజి పట్టేలోపే నీరు లోపలికి పోతుంది. ఉడుకుతున్నంతసేపూ మరుగు ఆగకూడదన్నది అందుకే.

ఎనిమిది గంటలు ఎందుకన్నది అందరూ అడిగే ప్రశ్న. నీళ్లు ఎంత మరిగినా వేడి 100 డిగ్రీలు దాటదు. చిక్కటి ముద్దలో ఆ వేడి నడిమికి చేరడానికి చాలా సమయం పడుతుంది. మందం రెండింతలైతే సమయం సుమారు నాలుగింతలవుతుంది. అయినా లీటరు గిన్నె పుడ్డింగ్ లోపలి దాకా ఉడకడానికి మూడు నాలుగు గంటలు చాలు. అప్పుడు తీసి చూస్తే అది లేత గోధుమ రంగులో, ఉడికిన పిండి రుచితో ఉంటుంది. మిగతా గంటలన్నీ రంగు కోసం, రుచి కోసం. చక్కెరలు, మాంసకృత్తులు వేడికి కలిసి నల్లబడుతూ కొత్త రుచులు పుట్టించే చర్యను 1912లో ఫ్రెంచి శాస్త్రవేత్త లూయి కామీ మెయార్ వివరించారు. ఒవెన్ వేడిలో ఇది నిమిషాల్లో జరుగుతుంది. 100 డిగ్రీల దగ్గర గంటలు పడుతుంది. దాలిలో పిడకల సెగ మీద పొద్దంతా కాగిన పాలకు ఎర్రటి మీగడ కట్టేది ఇదే చర్య వల్ల. ఆ పాలకు, గ్యాసు మీద పది నిమిషాల్లో పొంగిన పాలకు ఉన్న తేడాయే ఎనిమిది గంటల పుడ్డింగ్‌కు, మూడు గంటల పుడ్డింగ్‌కు ఉంటుంది.

కుక్కర్ వాడొచ్చు. కుక్కర్లో వేడి 120 డిగ్రీల దాకా వెళ్తుంది కాబట్టి రంగు త్వరగా తిరుగుతుంది. అయితే మొదటి పావుగంట, ఇరవై నిమిషాలు వెయిట్ పెట్టకుండా మామూలు ఆవిరి మీదే ఉంచాలి. మొదట్లోనే ఒత్తిడి పెడితే పిండి పొంగే వీలు లేక బిగిసిపోతుంది. తర్వాత వెయిట్ పెట్టి సన్నటి మంట మీద రెండు గంటల పైన ఉంచాలి. అంతసేపటికి సరిపడా నీళ్లు ముందే పోసుకోవాలి, మధ్యలో అనుమానం వస్తే ఆపి, ఒత్తిడి పూర్తిగా దిగాక తెరిచి చూసుకోవాలి. గ్యాసు బాగా మిగులుతుంది. రుచి విషయంలో మాత్రం నెమ్మదిగా వండినదే ఒక మెట్టు పైన.

నిలవ, నాణెం

వండిన పుడ్డింగ్‌ను ఆ రోజే తినరు. చల్లారాక తడిసిన కాగితం తీసేసి, కొత్త కాగితం కట్టి చల్లటి చోట పెడతారు. నెల రోజులు కనీసం, ఏడాది ఉంచేవాళ్లూ ఉన్నారు. చక్కెర, ఎండు పండ్లు లోపలి తడినంతా పట్టి ఉంచడంతో బూజుకు, సూక్ష్మజీవులకు వాడుకునే నీరు దొరకదు, మద్యం దానికి తోడవుతుంది. ఆవకాయలో ఉప్పు, నూనె చేసే పనిని ఇక్కడ చక్కెర, బ్రాందీ చేస్తాయి. ఈ లోపు విడివిడిగా ఘాటుగా ఉన్న లవంగం, జాజికాయ, పండ్ల పులుపు ఒకదానిలో ఒకటి కలిసిపోతాయి.

ఈ నిలవ గుణానికి 1902 నాటి ఒక ఉదాహరణ ఉంది. దక్షిణ ధ్రువం వైపు మంచులో నడుస్తున్న బ్రిటిష్ అన్వేషకులు స్కాట్, షాకిల్టన్, విల్సన్ ముగ్గురూ ఆకలితో నీరసించి ఉన్నారు. క్రిస్మస్ రోజున షాకిల్టన్ తన సామానులోంచి ఒక సాక్సు తీశాడు. దాని కొసన క్రికెట్ బంతి అంత పుడ్డింగ్ దాచి ఉంది. మిగతా ఇద్దరికీ ఆ సంగతి తెలియదు. కోకో కాగుతున్న గిన్నెలోనే దాన్ని వేడి చేసుకుని ముగ్గురూ తిన్నారు. వారాల తరబడి మంచులో, బట్టల మూటలో మోసుకెళ్లినా చెడని తీపి వంటకం అది.

మన వాతావరణానికి ఈ ధీమా పనికిరాదు. విశాఖ, మచిలీపట్నం గాలిలో ఉండే చెమ్మకు బయట వేలాడదీసిన గుడ్డ మూట వారంలో బూజు పడుతుంది. వేసవిలో క్రిస్మస్ వచ్చే ఆస్ట్రేలియాలోనూ గుడ్డ పుడ్డింగ్ చేసేవాళ్లకు ఇదే బాధ. ఇక్కడ ఫ్రిజ్‌లోనే ఉంచాలి. మద్యం వేయనిది నెలకు మించి ఉంచకూడదు.

ముందే వండే ఈ అలవాటుకు ఇంగ్లండ్‌లో ఒక రోజు కూడా ఉంది. క్రైస్తవులు క్రిస్మస్‌కు సిద్ధపడే ఆగమన కాలానికి ముందు వచ్చే ఆదివారం, అంటే నవంబరు 20కి, 26కి మధ్య పడే ఆదివారం. ఆ రోజు ఇంగ్లండ్ చర్చి అయిన ఆంగ్లికన్ల ప్రార్థన పుస్తకంలోని ప్రార్థన, ప్రభువా నీ విశ్వాసుల మనసులను కదుపు, వాళ్లు సత్క్రియల ఫలాలు సమృద్ధిగా ఫలించేలా చెయ్యి అన్న అర్థంతో మొదలవుతుంది. ఇంగ్లిష్‌లో మనసును కదపడానికి, పిండిని కలపడానికి ఒకటే మాట, స్టిర్. ఆ మాట చెవిన పడగానే పుడ్డింగ్ పని గుర్తొచ్చి ఇంటికి వెళ్లి గిన్నె తీసేవాళ్లు. ఆ రోజుకు స్టిర్ అప్ సండే అన్న పేరు అలా స్థిరపడింది. ఇంట్లో అందరూ వరుసగా వచ్చి ఒక్కో చుట్టు తిప్పుతారు, మనసులో ఒక కోరిక అనుకుంటారు. తూర్పు నుంచి వచ్చిన జ్ఞానుల గుర్తుగా గంటెను తూర్పు నుంచి పడమరకు తిప్పాలంటారు. క్రీస్తుకు, పన్నెండుమంది శిష్యులకు గుర్తుగా 13 సరుకులు పడాలన్నదీ ఒక నమ్మకం. గట్టి పిండిని ఒక్కరే కలిపితే చెయ్యి లాగేస్తుంది కాబట్టి నలుగురి చెయ్యి పడటం వంటకు కూడా మంచిదే.

పిండిలో వెండి నాణెం వేయడం ఇంకో ఆచారం. అది ఎవరి ముక్కలో వస్తే వాళ్లకు ఆ ఏడు కలిసొస్తుందంటారు. కానీ ఈ కాలపు నాణేలు ఇందుకు పనికిరావు. 1920లో బ్రిటిష్ వెండి నాణేల్లో వెండి 92.5 శాతం నుంచి 50 శాతానికి పడిపోయింది. 1947లో వెండి పూర్తిగా పోయి రాగి, నికెల్ వచ్చాయి. పులుపు, తేమ ఉన్న ముద్దలో గంటల పాటు అలాంటి లోహాన్ని ఉడికించకూడదు. అంతగా ఆచారం పాటించాలనిపిస్తే బాగా కడిగి, మరిగించి, కాగితంలో చుట్టి వడ్డించే ముందు ముక్క కింద దూర్చాలి. పసిపిల్లల పళ్లెంలో మాత్రం అసలు వద్దు.

తెలుగునాట ఈ పుడ్డింగ్‌ను ఇంటి వంటగా నిలబెట్టినవాళ్లు ఆంగ్లో ఇండియన్ కుటుంబాలు. కాజీపేట, గుంతకల్లు, సికింద్రాబాద్ లాలాగూడ లాంటి రైల్వే కాలనీల్లో డిసెంబరు వచ్చిందంటే కల్‌కల్స్ అనే తీపి గవ్వలు, గులాబీ పువ్వుల పిండివంట పక్కన పుడ్డింగ్ కూడా ఉండేది. ఆ కుటుంబాల్లో ఎక్కువమంది విదేశాలకు వెళ్లిపోయారు, కొలతలు చేతిరాత కాగితాల మీద వాళ్లతోపాటే వెళ్లాయి. కేక్ మాత్రం బేకరీల పుణ్యమా అని ఊరూరా నిలిచింది. ఒవెన్ కావలసిన వంట నిలిచి, పొయ్యి, గిన్నె, గుడ్డ చాలనే వంట కనుమరుగవడం బాధ కలిగించే విషయం. కేక్‌ను కొనుక్కోవచ్చు, పుడ్డింగ్‌ను మాత్రం ఎవరో ఒకరు ఇంట్లో పూనుకుని వండాలి.

పండుగ రోజు

డిసెంబరు 25న పుడ్డింగ్‌ను మళ్లీ రెండు గంటలు ఆవిరి మీద ఉంచాలి. గట్టిపడిన కొవ్వు తిరిగి కరగాలి, నడిమి దాకా వేడి చేరాలి. మైక్రోవేవ్‌లో అయితే చాలా జాగ్రత్త అవసరం. చక్కెర, కొవ్వు, మద్యం ఎక్కువున్న ముద్ద కాబట్టి నిమిషాల్లో మాడుతుంది, అంటుకునే ప్రమాదమూ ఉంది. ఆవిరి మీద ఆ భయం లేదు. నీళ్లు అయిపోనంతవరకు పుడ్డింగ్ అరగంట ఎక్కువైనా ఏమీ కాదు. అతిథులు ఆలస్యంగా వచ్చినా, చర్చిలో ఆరాధన సాగినా కంగారు ఉండదు.

కాగితం విప్పి, అంచు చుట్టూ చాకు తిప్పి, పళ్లెం మీదకు బోర్లించాలి. ఇక మంట పెట్టడం. బ్రాందీని సీసాలోంచి నేరుగా పోసి అగ్గిపుల్ల గీస్తే చాలాసార్లు అంటుకోదు. 40 శాతం మద్యం ఉన్న బ్రాందీ నుంచి మండేంత ఆవిరి రావాలంటే అది కనీసం 26 డిగ్రీలకు చేరాలి, ఇంగ్లండ్ చలికాలపు గదిలో ఆ వేడి ఉండదు. అందుకే గంటెలో రెండు చెంచాల బ్రాందీ పోసి, సెగ మీద గోరువెచ్చగా చేసి, గంటెలోనే అంటించి పుడ్డింగ్ మీద పోస్తారు. సీసాను దగ్గర పెట్టుకోకూడదు, జుట్టు, చున్నీ, కాగితపు తోరణాలు దూరంగా ఉండాలి. దీపాలు ఆర్పితేనే ఆ మంట కనిపిస్తుంది. మసి లేకుండా మండే మద్యానికి నీలం తప్ప వేరే రంగు ఉండదు. అది నల్లటి పుడ్డింగ్ వంపుల మీదుగా జారి పళ్లెంలోకి దిగి, అంచుల దగ్గర ఒకటి రెండుసార్లు రెపరెపలాడి ఆరిపోతుంది. మద్యం వద్దనుకునే ఇంట్లో ఈ ఘట్టం లేకపోయినా రుచికి తేడా రాదు. పైన గుచ్చే హాలీ అనే చెట్టు కొమ్మ అలంకారానికే, దాని ఎర్రటి కాయలు విషం. వడ్డించే ముందు తీసేయాలి.

పక్కన బ్రాందీ కలిపిన వెన్న గానీ, పల్చటి కస్టర్డ్ గానీ వేస్తారు. ముక్క చిన్నదిగా కోయాలి, బొటనవేలి మందం చాలు, కడుపు నిండిన భోజనం తర్వాత వచ్చే తీపి కదా. ఎంత తిన్నా గిన్నెడు పుడ్డింగ్ ఒక పూటకు అయిపోదు. మర్నాడు, 26వ తేదీ పొద్దున, మిగిలిన దాన్ని ముక్కలు కోసి పెనం మీద వెన్న వేసి రెండు వైపులా కాలుస్తారు. అంచుల దగ్గర చక్కెర కరకరలాడుతూ పాకం పడుతుంది, లోపల కిస్మిస్ వేడికి ఉబ్బి మెత్తబడుతుంది. ఎనిమిది గంటల పుడ్డింగ్‌కు పెనం మీద నాలుగు నిమిషాలు చాలు.